మద్దెల నిజంగా ఓటిదైతే

"ఆడలేక మద్దెల ఓడు" అని మన పెద్దలు ఒక సామెత చెప్పినారు. ఉర్దూ విభాగపు మిత్రులు అదే భావాన్ని "నాచ్ న జానే, ఆంగన్ టేఢా" అంటారు. తెలుగు నర్తకి మద్దెలను నిందిస్తుంది. ఉర్దూ నర్తకి ముంగిలి వంకర అంటుంది. దోషం మాత్రం ఇద్దరి కాళ్లలోనే ఉన్నదని రెండు భాషల తీర్పు. ఇది చాలవరకు సత్యమే. కాని దీనికి మరియొక పార్శ్వం కలదు. మద్దెల నిజంగానే ఓటిదైనప్పుడు, ముంగిలి నిజంగానే వంకరదైనప్పుడు, "నాకు నాట్యం రాదు" అనుకొని తలవంచుకొని వెళ్లిపోయిన నర్తకి మాటేమిటి? ఆమెను గురించిన సామెత మాకు ఏ భాషలోనూ వినబడలేదు. మన కళాశాల కంప్యూటరు గదిలో మాత్రం అటువంటివారు మాకు తరచుగా కనిపించినారు.

మేము నలుగురం. ఇద్దరం జగ్గయ్యపేట నుండి ప్రతిదినం బస్సులో నందిగామకు వచ్చేవారం. ఇద్దరం నందిగామ వాస్తవ్యులం. ఇద్దరి ఇంటిభాష ఉర్దూ, ఇద్దరి ఇంటిభాష తెలుగు. 2022 నుండి మా ప్రాంతం ఎన్.టి.ఆర్. జిల్లాలో చేరినా, మా పెద్దలు నేటికీ దీనిని కృష్ణాజిల్లా మెట్టప్రాంతమనే వ్యవహరిస్తారు. ప్రత్తి, మిరప పండించే కుటుంబాల నుండి, సిమెంటు కర్మాగారాలలో పనిచేసే కుటుంబాల నుండి వచ్చిన మా వంటివారికి కంప్యూటరు ఇంటి వస్తువు కాదు. కళాశాలలో చేరిన తరువాతనే దానిని చేతితో తాకినాము. కనుక తెర కదలకుండా నిలిచిపోయినప్పుడల్లా మా మనస్సులో కలిగే మొదటి భావం ఒక్కటే: ఏదో మన చేతనే చెడిపోయినది.

ఈ భావాన్ని మా నుండి తొలగించినది పాఠ్యగ్రంథం కాదు, ఒక ఆట. ఆటలో గెలుపు కూడా కాదు, ఆ ఆట నడవకపోవడం.

కంప్యూటరు ఆటలలో సాహసక్రీడలు అనబడే ఒక తెగ కలదు. అందులో తుపాకులు కాల్చడం, బండ్లు పరుగెత్తించడం ముఖ్యం కాదు. ఒక కథలో ప్రవేశించి, వస్తువులను వెదకి, మనుష్యులతో సంభాషించి, చిక్కుముడులను విప్పుకొంటూ ముందుకు సాగవలెను. విల్ క్రౌథర్ అనే అమెరికా ప్రోగ్రామరు 1975-76 ప్రాంతంలో ఈ తెగకు ఆద్యమైన ఆటను వ్రాసినాడు. ఆయన గుహల అన్వేషకుడు కూడా. కెంటకీ రాష్ట్రంలోని మామత్ గుహలను మనస్సులో ఉంచుకొని, తన కుమార్తెలు ఆడుకొనడానికి దానిని రచించినాడు. స్టాన్‌ఫర్డులోని డాన్ వుడ్స్ 1977లో దానిని విస్తరింపజేసినాడు. అందులో బొమ్మలు లేవు, అంతా అక్షరాలే. ఆడేవారు ఒకటి రెండు ఇంగ్లీషు మాటలు టైపు చేస్తే యంత్రం బదులు చెప్పేది. యంత్రానికి తెలిసిన మాటలు బహు కొద్ది. ప్రతి మాటలోను మొదటి ఐదు అక్షరాలనే అది గమనించేది. "నీవన్నది నాకు అర్థం కాలేదు" అని యంత్రం అన్నంత మాత్రాన ఆడేవారి భాష తప్పని కాదు. యంత్రపు నిఘంటువు చిన్నదని మాత్రమే అర్థం.

మాకు లభించిన ఆట అంత పాతది కాదు. "బెనీత్ ఎ స్టీల్ స్కై" అనే ఈ బొమ్మల ఆటను ఇంగ్లండులోని రివల్యూషన్ సంస్థ 1994లో విడుదల చేసినది. 2003లో దానిని ఉచితంగా పంచుకొనడానికి అనుమతించినది కనుక, ఇందులో దొంగ ప్రతి అన్న దోషం లేదు. నాటి డాస్ యంత్రాల కొరకు తయారైన ఆట నేటి యంత్రాలపై తనంతట తాను నడవదు. 2001లో కొందరు ఔత్సాహికులు ప్రారంభించిన స్కమ్-వి.ఎం. అనే ఉచిత సాధనం దానిని నడిపిస్తుంది. మాలో ఒక మిత్రుడు, జగ్గయ్యపేటవాడు, పదవ తరగతి వరకు ఉర్దూ మాధ్యమంలో చదివినవాడు, తన బంధువుల ఇంటి కంప్యూటరు నుండి ఈ ఆటను పెన్‌డ్రైవులో తెచ్చినాడు. అక్కడ చక్కగా నడిచిన ఆట మన గదిలో తెరవగానే ఒక ఇంగ్లీషు వాక్యం చూపి ఆగిపోయినది.

"నేను ముట్టుకుంటే ఇంతే భాయ్. ఈ సబ్జెక్టు నాకు అచ్చిరాదు. మార్పించుకుంటాను" అన్నాడతడు. అది హాస్యానికి అన్న మాట కాదు. కంప్యూటరు విషయం వదలి వేరొకటి తీసుకొనడానికి దరఖాస్తు వ్రాసి, అప్పటికే అతడు పుస్తకంలో పెట్టుకొని తిరుగుతున్నాడు.

ఆ సమయంలో మాకు స్ఫురించినది మా రహదారి. హైదరాబాదు నుండి విజయవాడకు పోయే బస్సు రావలసిన వేళకు రాకపోతే, మన ఊరివారు ఏమి చేస్తారు? "కోదాడ దాటిందా?" అని ఒకరిని అడుగుతారు. దాటిందంటే "చిల్లకల్లు దాటిందా?" అని మరొకరిని అడుగుతారు. 2023 జులైలో మున్నేరు పొంగి ఐతవరం వద్ద రహదారిపైకి నీరు వచ్చినప్పుడు రాకపోకలు స్తంభించినవి. ఆ రోజు బస్సు రాలేదని డ్రైవరును నిందించిన లాభమేమి? ఎక్కడివరకు బాగున్నది, ఎక్కడనుండి బాగులేదు అన్న రెండు స్థలాలు తెలిస్తే, అడ్డంకి వాటి నడుమనే ఉండి తీరవలెను. యంత్రానికి కూడా ఇదే న్యాయం వర్తిస్తుందని మేము తలంచినాము. విద్యుత్తు ఉన్నదా? ఉన్నది. యంత్రం మేలుకొన్నదా? మేలుకొన్నది. స్కమ్-వి.ఎం. తెరుచుకొన్నదా? తెరుచుకొన్నది. పెన్‌డ్రైవులోని ఫైళ్లు కనబడుతున్నవా? కనబడుతున్నవి. అయితే అడ్డంకి ఆట మొదలయ్యే గడప వద్దనే ఉన్నది.

అప్పుడు ఆ ఇంగ్లీషు వాక్యాన్ని నలుగురం కలిసి, నిఘంటువు పెట్టుకొని చదివినాము. స్కై.సి.పి.టి. అనే ఫైలు కనబడలేదని మాత్రమే అది చెప్పుచున్నది. అందులో మా మిత్రుని పేరు లేదు, నిందా లేదు. విచారించగా సంగతి తేలినది. ఆటకు చెందిన పెద్ద ఫైళ్లు రెండు. అవి పెన్‌డ్రైవులో వచ్చినవి. మూడవదైన ఈ చిన్న ఫైలును సమకూర్చవలసినది ఆట కాదు, స్కమ్-వి.ఎం. బంధువుల ఇంట అది వేరొక చోట కుదురుగా ఉన్నది కనుక ఆటతోపాటు రాలేదు. మన యంత్రంలోని స్కమ్-వి.ఎం.తో అది చేర్చబడలేదు. దానిని తెచ్చి చేర్చగానే తెరపై కథ మొదలైనది. మా మిత్రుడు చాలసేపు మాట్లాడలేదు.

ఆటల కొరకా ఈ గది అని ల్యాబ్ అసిస్టెంటుగారు ఆ రోజే మమ్ములను పట్టుకొన్నారు. "సార్, ఆడడం లేదు. ఎందుకు ఆడడం లేదో చూస్తున్నాము" అని విన్నవించినాము. ఆయన నవ్వి, "అట్లయితే చూడండయ్యా, కాని తలుపు తీసే ఉంచండి" అన్నారు. అటుపిమ్మట ఆయనే మాకు గురువైనారు.

రెండవ ఆటంకం నిశ్శబ్దం. పాత్రలు పెదవులు కదుపుతున్నవి, కాని మాట లేదు, తెరపై అక్షరమూ లేదు. ఆట స్తంభించినదని అందరం అనుకొన్నాము. మౌసు బాణం కదులుతున్నదా అని ఒకరు అడిగినారు. కదులుతున్నది. కనుక ఆట సజీవంగానే ఉన్నది. అమరికలలో చూడగా, సంభాషణలు ధ్వనిరూపంలో మాత్రమే వచ్చునట్లు ఏర్పాటై ఉన్నది. మన యంత్రాలకు స్పీకర్లు లేవు. ధ్వనితోపాటు అక్షరాలు కూడా రావలెనని మార్చినాము. యంత్రం అంతసేపూ మాట్లాడుతూనే ఉన్నది, దానికి నోరు లేదు. ఈ దుస్థితి మా తరగతులలో కూడ కొందరికి కలదని ఉర్దూ మాధ్యమపు మిత్రుడు అన్నప్పుడు మేము నవ్వలేకపోయినాము.

మూడవ ఆటంకం వింతైనది. సాయంకాలం భద్రపరచిన ఆట మరునాడు ఉదయం మాయమయ్యేది. ఎవరో తుడిచివేస్తున్నారని ఒకరినొకరం అనుమానించే స్థితి వచ్చినది. నిందకు ముందు పరీక్ష చేయవలెనని నిశ్చయించుకొన్నాము. ఆటను మూసి తిరిగి తెరిచినాము, భద్రపరచినది ఉన్నది. యంత్రాన్నే ఆపి తిరిగి పెట్టినాము, లేదు. అంటే దొంగ మనిషి కాదు. వైరస్‌ల బెడద లేకుండా, ప్రతిసారి ప్రారంభంలో పూర్వస్థితికి వచ్చేటట్లు ఆ యంత్రాలను అమర్చినారని అసిస్టెంటుగారు వివరించినారు. ఆటను పెన్‌డ్రైవులో భద్రపరచమని స్థానం మార్చినాము. స్నేహం నిలిచినది, ఆట కూడా నిలిచినది.

ఇంతలో మరొక ఆటంకం. కథానాయకుడైన ఫాస్టరు ఒక మూసిన తలుపు ముందర నిలబడి ఉన్నాడు. ఏమి చేసినా అది తెరుచుకొనదు. మునుపటి అనుభవంతో గర్వించి, "ఇదీ యంత్రపు లోపమే" అని మాలో ఇద్దరు వాదించినారు. మిత్రుడు మాత్రం, "ఆగండి భాయ్, పరీక్ష పెడదాం" అన్నాడు. బాణం కదులుతున్నది. ఫాస్టరు నడుస్తున్నాడు. తలుపును తాకినప్పుడల్లా సక్రమంగా సమాధానం వస్తున్నది. వేరొక యంత్రంలోను అంతే. కనుక యంత్రంలో లోపం లేదు, అది మన బుద్ధికి పెట్టిన చిక్కు. చిత్రంలో అంగుళం అంగుళం వెదకగా వదులుగా ఉన్న ఒక ఇనుప కమ్మీ దొరికినది. దానితో పెకలిస్తే తలుపు వచ్చినది. ఇక్కడ మద్దెల బాగానే ఉన్నది, నేర్చుకొనవలసినది నాట్యమే.

లోపం వేరు, చిక్కు వేరు. లోపాన్ని చిక్కు అనుకొన్నవాడు తన బుద్ధిని శపించుకొని వెళ్లిపోతాడు. చిక్కును లోపమనుకొన్నవాడు యంత్రాన్ని శపించి, నేర్చుకొనడం మానుతాడు. ఈ రెంటిని వేరుచేయడానికి మేము కొన్ని ప్రశ్నలు ఏర్పరచుకొన్నాము. ఆట సజీవంగా ఉన్నదా? ప్రతిసారి ఒకే అడుగు వద్ద ఆగుతున్నదా, ఒక్కొక్కసారి ఒక్కొక్క చోటనా? ఒకే చోట అయితే ఫైలునో అమరికనో అనుమానించవలెను. చోటు మారుతుంటే విద్యుత్తును, యంత్రభాగాలను పరీక్షించవలెను. వేరొక యంత్రంలో ఇదే జరుగుతున్నదా? ఇంతకు ముందు భద్రపరచిన చోటినుండి మొదలుపెడితే ఏమగును? ఒకసారి ఒక్క మార్పు మాత్రమే చేయవలెను. రెండు మార్పులు కలిపి చేస్తే బాగుపడినా ఎందుకు బాగుపడినదో తెలియదు.

పెద్ద పెద్ద సంస్థల యంత్రాలు కూడా తడబడతవని తెలియజేసే ఉదాహరణ మన తెలుగులోనే కలదు. 2018 ఫిబ్రవరిలో "జ్ఞా" అనే అక్షరం, మధ్యలో కంటికి కనబడని ఒక సంకేతంతో కూడి సందేశంలో వచ్చినప్పుడు, ప్రపంచమంతటా ఐఫోనులలో ఆ సందేశాన్ని చూపబోయిన అప్లికేషన్లు కుప్పకూలినవి. ఆపిల్ సంస్థ అదే నెలలో దానిని సరిదిద్దినది. జ్ఞానం అన్న మాటకు మొదటి అక్షరమే ఆ ఫోనులకు మింగుడుపడలేదు! తప్పు అక్షరానిది కాదు, దానిని వ్రాసినవారిది కాదు. 1991 నుండి యూనికోడ్‌లో స్థానమున్న మన లిపిని సరిగా చూపవలసిన బాధ్యత యంత్రానిదే. కుడినుండి ఎడమకు సాగే ఉర్దూ వాక్యం తెరపై ముక్కలై విడివిడి అక్షరాలుగా కనబడినప్పుడు మా మిత్రులు సిగ్గుపడవలసిన పని లేదన్నది కూడా ఇందువలన తేటపడుతున్నది.

ఆ ఆటలో ఫాస్టరు తన మిత్రుడైన జోయీ అనే మరమనిషి పలకను, చెత్తలో పారవేయబడిన ఒక యంత్రపు డొల్లలో అమర్చి బ్రతికిస్తాడు. కళాశాల కమిటీ పెద్దలకు మా విన్నపం కూడా ఇంచుమించు ఇటువంటిదే. మూల గదిలో పనికిరానివని పేర్చిన యంత్రాలను తూకానికి వేయక ముందు ఒక్క నెల మా చేతికి ఇవ్వండి. వానిలో ఎన్ని నిజంగా చెడినవో, ఎన్ని ఒక్క తీగకో ఒక్క ఫైలుకో నోచుకోక పడి ఉన్నవో పరీక్షించి చెప్పగలము. వారానికి ఒక గంట, శనివారం సాయంకాలం, ఈ పనికి గదిని అనుమతించండి. ఆట ఆడడానికి కాదు, ఆగినదానిని నడిపించడానికి. ఇట్లా నేర్చినవారు రేపు కార్యాలయంలో, ఆసుపత్రిలో, మీ-సేవ కేంద్రంలో తెర ఆగిపోయినప్పుడు ఎదుటనున్న వృద్ధురాలిపై విసుగుకొనరు.

మొదటి సంవత్సరపు సోదరీ సోదరులకు ఒక మాట. తెర ఆగిపోయినప్పుడు లేచి వెళ్లిపోకండి. బల్లపైన ఒక పొడవాటి నోటుపుస్తకం పెట్టి ఉన్నది. ఏమి చేసినాము, ఏమి జరుగుననుకొన్నాము, ఏమి జరిగినది, కారణమేమి అని నాలుగు గడులు గీసి ఉన్నవి. తెలుగులో వ్రాయవచ్చును, ఉర్దూలో వ్రాయవచ్చును. మొదటి పుట మా జగ్గయ్యపేట మిత్రుని దస్తూరిలో ఉన్నది. నాలుగవ గడిలో అతడు ఉర్దూలో ఇట్లు వ్రాసినాడు: "ఒక ఫైలు లేదు. నా చేయి బాగానే ఉన్నది." దరఖాస్తు కాగితాన్ని అతడు ఆ పుస్తకానికి అట్టగా వేసినాడు.