నా పేరుతో తిరిగే ఇంకో ముఖం

అమెరికన్ చిత్రకారిణి గ్రెచెన్ ఆండ్రూ ‘ఫేస్‌ట్యూన్ పోర్ట్రెయిట్స్’ మొదటిసారి చూసేవారికి బొమ్మ పాడైపోయిందేమో అనిపిస్తుంది. తైలవర్ణంలో మనిషి ముఖం ఉంటుంది గానీ పెదవుల చుట్టూ, ముక్కు పక్కన రంగు అలికినట్టు, ఈడ్చినట్టు చారలు. అందాన్ని దిద్దే ఫేస్‌ట్యూన్ లాంటి యాప్ ఆ ముఖంలో ఎక్కడెక్కడ ఏం మారుస్తుందో తీసుకుని, ఆ మార్పులనే తడి ఆరని రంగు మీద రోబో చేత చేయిస్తారామె. గూగుల్‌లో ఉద్యోగం చేసి కళలోకి వచ్చిన మనిషి, యంత్రాల లోగుట్టు తెలుసు. రోబో ఈడ్చిన రంగును చిత్రలేఖనం అనొచ్చా అని పేచీ పెట్టేవాళ్లు పెడతారు; నాకు దానిమీద పెద్ద పట్టింపు లేదు. ఫోన్‌లో దిద్దుబాటు జాడ లేకుండా జరిగిపోతుంది. ఇక్కడ అది మచ్చగా మిగులుతుంది. దిద్దకముందు ముఖం, దిద్దిన ముఖం ఒకే కాన్వాసు మీద పెనుగులాడుతుంటాయి.

బొమ్మలు వేసేవాళ్లు ఎప్పుడు నిజం చెప్పారు గనక, ఇప్పుడు యాప్‌ని తప్పుపట్టడం దేనికని అడగొచ్చు. న్యాయమైన ప్రశ్నే. 1539లో చిత్రకారుడు హోల్బీన్ వేసిన చిత్రం చూసి ఆన్ ఆఫ్ క్లీవ్స్‌తో పెళ్లికి ఒప్పుకున్న ఇంగ్లండ్ రాజు ఎనిమిదో హెన్రీ, మనిషిని చూశాక పెదవి విరిచాడు. పెళ్లయితే జరిగింది గానీ, ఆర్నెల్లకే రద్దయింది. అంతదూరం ఎందుకు, మన ఊళ్లలో స్టూడియోవాళ్లు నెగటివ్ మీద సన్నటి పెన్సిల్‌తో టచప్ చేసి ఎన్ని పెళ్లిచూపుల ఫోటోలను గట్టెక్కించలేదు! ఒకే రకం అందాన్ని కొలబద్దగా పెట్టుకోవడమూ కొత్త కాదు. ‘బాపు బొమ్మ’ అన్న మాట తెలుగులో దాదాపు విశేషణమైపోయింది. కాకపోతే బాపు బొమ్మ కాగితం మీద ఉండేది, అది ఇంకొకరిది. దానితో పోల్చుకున్న అమ్మాయి మురిసిపోవచ్చు, చిన్నబుచ్చుకోవచ్చు, కానీ అది తానేనని పొరబడదు. ఫిల్టర్ సంగతి వేరు. బోస్టన్ యూనివర్సిటీ చర్మవైద్యులు 2018లో ఒక వైద్యపత్రికలో రాసిన వ్యాసం ఆ తేడాను పట్టిచ్చింది. పూర్వం సర్జరీకి వచ్చేవాళ్లు సినిమా తారల ఫోటోలు తెచ్చి ఇలా చేయమనేవారట. ఇప్పుడు ఫిల్టర్ వేసిన తమ ఫోటోనే తెస్తున్నారట. అంతకు ముందు ఏడాది అమెరికాలో ముఖ శస్త్రచికిత్స నిపుణుల సంఘం జరిపిన సర్వేలో, సెల్ఫీల్లో బాగా కనిపించాలని వచ్చినవాళ్లను చూశామని 55 శాతం మంది సర్జన్లు చెప్పారు. పోటీ ఇప్పుడు తారతో కాదు, నా పేరుతోనే తిరుగుతున్న ఇంకో ముఖంతో. తారతో ఓడిపోతే సరిపెట్టుకోవచ్చు. నాతో నేను ఓడిపోతే ఆ ఓటమిని రోజూ అద్దంలో చూసుకోవాలి.

యాప్ ఉన్న లోపాన్నేగా సరిచేస్తోంది అనేవారు ఇంకో లెక్క చూడాలి. పన్నెండు అంగుళాల దూరం నుంచి తీసిన సెల్ఫీలో, ఐదడుగుల నుంచి తీసిన ఫోటోతో పోలిస్తే ముక్కు దాదాపు 30 శాతం వెడల్పుగా కనిపిస్తుందని అదే 2018లో అమెరికన్ పరిశోధకులు లెక్కగట్టారు. ఫోన్ అంత దగ్గరగా ఉండటమే ఆ లోపాన్ని పుట్టిస్తోంది. యాప్ దాన్ని మన ముక్కుకు అంటగట్టి మందు అమ్ముతోంది. ఆ మందు అందరికీ ఒకటే. ఆండ్రూ మిస్ యూనివర్స్ పోటీదారుల చిత్రాలనూ ఇదే పద్ధతిలో చేశారు. అందానికి ప్రపంచమంతా కిరీటం పెట్టడానికి సిద్ధంగా ఉన్న ముఖాలను కూడా యంత్రం వదల్లేదు. దేశదేశాల ముక్కులూ కళ్లూ ఒకే అచ్చువైపు జరిగాయి.

అలంకారం ఆడవాళ్ల ఇష్టం, కాటుక పెట్టుకుంటే తప్పులేనిది ఫిల్టర్ వేస్తే తప్పా అన్న అభ్యంతరం నాకు అన్నిటికంటే బరువైనదిగా తోస్తుంది. ఎవరి సరదా వారిది, నిషేధాలతో నాకు పనిలేదు. కానీ కాటుక పెట్టిన చేతికి అది ఎక్కడ పెట్టిందో తెలుసు, రాత్రికి కడిగేస్తుంది. ఫిల్టర్ ఏం మార్చిందో పెట్టుకున్నవారికే తెలియదు. నార్వే 2021లో చట్టం చేసి, శరీరాన్ని దిద్దిన ప్రకటనల ఫోటోల మీద ఆ ముక్క రాయాలంది. ఫోటో మార్చొద్దని ఆ చట్టం అనలేదు, మార్చిన సంగతి చెప్పమంది. ఆండ్రూ చారలు చెప్పేదీ దాదాపు అదే. గ్యాలరీకి వెళ్లి చూసేవారు ఎందరు అంటే, కొద్దిమందే. ఫోన్లు పట్టుకున్న కోట్లమందిని బొమ్మ మార్చదు.

పరాయి దేశాల్లో ఉండే మనకు ఈ గొడవ కాస్త ఎక్కువే. ఊళ్లో ఉన్నవాళ్లకు మన పిల్లలూ మనమూ ఏడాదికో రెండేళ్లకో కనిపిస్తాం; మిగతా రోజులన్నీ ఫోటోయే మనిషి. ఫెయిర్ అండ్ లవ్లీ క్రీము 1975లో మార్కెట్లోకి వచ్చింది, 2020లో దాని పేరులోంచి ‘ఫెయిర్’ తీసేశారు గానీ, సంబంధాలు వెతికేచోట ఆ మాట ఇంకా చావలేదు. ఇప్పుడు క్రీము అక్కర్లేదు, వేలితో ఒక్క గీటు చాలు. అమ్మాయి చామనఛాయ ఫోటోలోంచి జారిపోతుంది, ఆ రంగు తన సొంతమని ఆమె ఎవరికో సంజాయిషీ చెప్పుకోవాల్సి వస్తుంది. సంబంధాలకు ఫోటోలు పంపే తల్లిదండ్రులకు ఒక్క మనవి: దిద్దిన ఫోటో పంపాలనిపిస్తే పంపండి, దిద్దనిది కూడా పక్కన పెట్టి పంపండి.