మంచం మీంచి, ఓడ మీంచి

చలికాలం పొద్దున. గదిలో నిప్పు లేదు. దుప్పట్లో వెచ్చగా ఉంది. లేవాలని తెలుసు, లేవకపోతే పనులు పాడవుతాయనీ తెలుసు. అయినా ఒళ్లు కదలదు. గంట గడిచినా మనసు ఎటూ తేల్చుకోదు. మరి చివరికి ఎలా లేస్తాం? ఈ ప్రశ్న వేసింది విలియం జేమ్స్. 1890లో వచ్చిన ఆయన ‘ప్రిన్సిపుల్స్ ఆఫ్ సైకాలజీ’ రెండో సంపుటంలో, సంకల్పం గురించిన అధ్యాయంలో ఉంది. జవాబూ ఆయనే చెప్పాడు. చాలాసార్లు మనం పోరాడి లేవం. ఒక్క క్షణం ధ్యాస ఎటో పోతుంది. చలీ వెచ్చదనమూ రెండూ మరపున పడతాయి. ఆ రోజు చెయ్యాల్సిన పనేదో మనసులో మెదులుతుంది. దానికి అడ్డు చెప్పే ఆలోచన ఆ క్షణాన లేదు గనుక ఒళ్లు దానంతటదే కదులుతుంది. లేచాక గాని లేచిన సంగతి తెలియదు.

పదేళ్లు తిరిగేసరికి, 1900లో, జోసెఫ్ కాన్రాడ్ ‘లార్డ్ జిమ్’ వచ్చింది. అందులో పాతికేళ్లయినా నిండని ఓడ అధికారి జిమ్, మునిగిపోతోందనుకున్న ఓడ మీంచి పడవలోకి దూకుతాడు. దూకాలని అనుకోలేదు. దూకుతున్నట్టు తెలియలేదు. కిందపడి తలెత్తి చూస్తే, తానున్న ఓడ చీకట్లో ఎక్కడో పైన కనిపించింది. తాను దూకానని అప్పుడు తెలిసింది. మంచం మీంచి లేచినవాడికి ఆ క్షణం మేలు చేసింది. జిమ్‌కి మాత్రం బతుకంతా వెంటాడే మచ్చను మిగిల్చింది. రెండుచోట్లా మనసు పనిచేసిన తీరు ఒక్కటే. ఈ రెండు పుస్తకాలనూ పక్కపక్కన పెట్టుకుని చదవాలని నేను గట్టిగా నమ్ముతాను. పని ఎలా జరిగిపోతుందో జేమ్స్ చెబుతాడు. జరిగిపోయిన పని ఎవరిది అని కాన్రాడ్ అడుగుతాడు.

జేమ్స్ పుస్తకం రాయడానికి ఒప్పుకున్నది 1878లో. పన్నెండేళ్లు పట్టింది. దాదాపు 1400 పేజీలు. 1892లో దాన్ని కుదించి ఇంకొకటి తెస్తే, విద్యార్థులు పెద్దదాన్ని ‘జేమ్స్’ అనీ చిన్నదాన్ని ‘జిమ్మీ’ అనీ పిలుచుకున్నారు. మనం ‘అంపశయ్య’ను చైతన్య స్రవంతి నవల అంటున్నామంటే, ఆ ఊహకు మూలం వెతుక్కుంటూ ఈయన దగ్గరికే వెళ్లాలి. ఇవాళ్టి సైకాలజీ పుస్తకాల్లో ప్రయోగాలు, పట్టికలు, గీతలు ఎక్కువ. అవి ఉండాల్సిందే. కానీ చదివేవాడి భుజం మీద చెయ్యేసి, నీ పక్క మీద నీకు జరిగేదాన్ని ఒకసారి చూసుకో అనే పాఠ్యపుస్తకం నాకు మరొకటి దొరకలేదు.

మొదటి సంపుటంలో అలవాటు మీద ఒక అధ్యాయం ఉంది. మనసులో మంచి ఆవేశం పుట్టినప్పుడల్లా ఎంత చిన్నదైనా సరే ఒక పని చేసెయ్యాలంటాడు జేమ్స్. ఊరికే అనుభవించి వదిలేస్తే, అలా వదిలెయ్యడమే అలవాటైపోతుంది. నాటకంలో పాత్రల కష్టాలకు కన్నీరు పెట్టుకునే రష్యన్ దొరసానిని చూపిస్తాడు. ఆమె బండివాడు అదే సమయంలో బయట తన పీట మీద చలికి కొయ్యబారిపోతుంటాడు. నవలలు అతిగా చదివినా ఇదే జరుగుతుందని కూడా అన్నాడు.

‘లార్డ్ జిమ్’ మొదటి అధ్యాయం ఈ మాటకు రాసిన కథలా ఉంటుంది. జిమ్ సెలవుల్లో సాహసకథలు చదివి సముద్రం మీద మనసు పడ్డాడు. శిక్షణ ఓడలో, కింది డెక్కు మీద రెండు వందల గొంతుల రొద మధ్య కూర్చుని, మునిగే ఓడల నుంచి జనాన్ని కాపాడుతున్నట్టు కలలు కంటుంటాడు. ఒక శీతాకాలం సాయంత్రం నిజంగానే గాలివాన వచ్చింది. పక్కనే రెండు ఓడలు ఢీకొన్నాయి. కాపాడేందుకు దించిన పడవలోకి కుర్రాళ్లంతా ఎగబడ్డారు. జిమ్ నిలబడ్డచోటే నిలబడిపోయాడు. కదిలేసరికి పడవ వెళ్లిపోయింది. ఇది చిన్న ఆపద, అసలైనది వచ్చిననాడు అందరికంటే ముందుండేది నేనే అని తర్వాత తనకు తాను సర్దిచెప్పుకున్నాడు. జేమ్స్ అధ్యాయంలో ఒక తాగుబోతు కూడా ఉన్నాడు. తాగిన ప్రతిసారీ ఈసారికి ఇది లెక్కలోకి రాదంటాడు. వాడు లెక్క వెయ్యకపోయినా వాడి నరాలు లెక్క రాసుకుంటూనే ఉన్నాయంటాడు జేమ్స్. జిమ్ నరాలూ ఆ సాయంత్రం రాసుకున్నాయి.

ఈ కథ గాలిలోంచి పుట్టలేదు. 1880లో జెడ్డా అనే స్టీమరు తొమ్మిది వందలకు పైగా హజ్ యాత్రికులతో సింగపూరు, పెనాంగ్ మీదుగా బయల్దేరింది. అరేబియా సముద్రంలో తుఫానుకు చిక్కి నీరు ఎక్కుతుంటే కెప్టెనూ అధికారులూ యాత్రికులను వదిలేసి పడవలో వెళ్లిపోయారు. మరో ఓడ వాళ్లను ఏడెన్ చేర్చింది. ఓడ మునిగిపోయిందని చెప్పారు. ఆ కబురు పాతబడకముందే, యాంటినార్ అనే ఓడ జెడ్డాను లాక్కుంటూ అదే రేవుకు తెచ్చింది. యాత్రికులు బతికే ఉన్నారు. తూర్పు రేవుల్లో అంతటా ఈ సంగతి చెప్పుకున్నారు.

కాన్రాడ్ తిరిగినవి ఆ రేవులే. సముద్రం ఛాయలే లేని ఊళ్లో 1857లో పుట్టిన పోలిష్ పిల్లవాడు, 1874లో మార్సెయ్ వెళ్లి ఓడ ఎక్కాడు. 1886లో బ్రిటిష్ కెప్టెన్ సర్టిఫికెట్ సంపాదించాడు. మధ్యలో, 1884 ఏప్రిల్లో, కెప్టెన్‌తో పడక మద్రాసులో ఓడ దిగిపోయి, రైల్లో బొంబాయి చేరి ‘నార్సిసస్’ ఎక్కాడు. అప్పటి మద్రాసు–బొంబాయి రైలు దారి రేణిగుంట, కడప, గుత్తి మీదుగానే. అంటే లార్డ్ జిమ్‌ను సృష్టించబోయే మనిషి మన రాయలసీమ ఎండను రైలు కిటికీలోంచి చూసే ఉంటాడు. నాకు ఆ ఊహ ఇష్టం. 1887లో దెబ్బ తగిలి సింగపూరు ఆస్పత్రిలో ఉన్నాడు. నవలలో జిమ్‌ను కూడా అలాంటి దెబ్బతోనే తూర్పు రేవు ఆస్పత్రిలో పడేస్తాడు. అక్కడి నుంచే జిమ్ ‘పాట్నా’ అనే తుప్పు పట్టిన ఓడలో చీఫ్ మేట్‌గా చేరతాడు.

పాట్నాలో ఎనిమిది వందల మంది యాత్రికులు. ఏడు పడవలు. నిశ్చలంగా ఉన్న సముద్రంలో ఓడ దేన్నో రాసుకుంటూ పోయింది. జిమ్ దీపం పట్టుకుని కిందికి వెళ్లి చూశాడు. ముందు గదిలోకి నీళ్లొచ్చేశాయి. ఆ నీటిని ఆపుతున్నది ఒకే ఒక ఇనుప అడ్డుగోడ. అరచెయ్యంత తుప్పు పెచ్చు దాని మీంచి ఊడిపడింది. జిమ్ పైకొచ్చి నిద్రపోతున్న జనాన్ని చూశాడు. అతని ఊహ అక్కడ ఆగలేదు. కేకలు, తొక్కిసలాట, నీళ్లు, అన్నీ కళ్ల ముందు జరిగిపోయాయి. ఒక్కటీ ఇంకా జరగలేదు. అవతల కెప్టెనూ ఇంజనీర్లూ పడవ దించుకోవడానికి తంటాలు పడుతున్నారు. వాళ్లలో జార్జి అనేవాడు గుండె ఆగి డెక్కు మీదే పడిపోయాడు. పడవ నీళ్లలో దిగాక, అతను చనిపోయిన సంగతి తెలియక, జార్జీ దూకు అంటూ కింద నుంచి అరుస్తున్నారు. ఆ పిలుపు జిమ్‌ది కాదు. చచ్చిపోయినవాడి పేరుతో వచ్చిన పిలుపుకు జిమ్ కాళ్లు కదిలాయి. ఇంత కచ్చితమైన మనస్తత్వ పరిశీలన ఏ పాఠ్యపుస్తకంలోనూ నేను చదవలేదు.

ఆ ఓడలోనే ఇద్దరు మలయ్ చుక్కానిగాళ్లు ఉన్నారు. తెల్లదొరలంతా పోయినా చక్రం వదల్లేదు. తర్వాత విచారణలో అడిగితే, అప్పుడు తాను ఏమీ అనుకోలేదన్నాడు వాళ్లలో చిన్నవాడు. జేమ్స్ చెప్పే అలవాటు అంటే ఇదే. ఇక ఫ్రెంచి నౌకాదళం లెఫ్టినెంటు ఒకాయన ఉన్నాడు. మునగకుండా మిగిలిన పాట్నాను ఏడెన్‌కు లాక్కొస్తున్నప్పుడు ముప్పై గంటలు దాని మీదే ఉన్నాడు. మునిగితే తాడు నరికెయ్యడానికి గొడ్డళ్లతో మనుషులు అవతలి ఓడలో సిద్ధంగా ఉన్నారు. ఆయనకు గుర్తున్న పెద్ద ఇబ్బంది, భోజనంలోకి ద్రాక్షసారా లేకపోవడం. భయం అందరికీ ఉంటుందని ఆయన దాపరికం లేకుండా ఒప్పుకుంటాడు. మనిషిని నిలబెట్టేవి అలవాటు, అవసరం, పదిమంది కళ్లు అంటాడు. జిమ్ దూకిన చీకట్లో ఆ కళ్లు మూసుకుని ఉన్నాయి.

సంకల్పానికి ప్రాణం ధ్యాసే అంటాడు జేమ్స్. కష్టమైన ఆలోచనను జారిపోకుండా మనసులో నిలపగలిగితే, పని దాని వెనకే వస్తుంది. 1902లో వచ్చిన ‘టైఫూన్’లో కెప్టెన్ మెక్‌విర్ అలా నిలపగలిగాడు. కానీ ఆయనకు ఊహాశక్తే లేదు, అందువల్ల తేలికైంది. జిమ్‌కున్నంత ఊహ ఉండి కూడా నిలబడేవాడెలా ఉంటాడు అన్నది అంతకంటే కష్టమైన ప్రశ్న. జాక్ లండన్ ‘సీ వుల్ఫ్’ (1904)లో కెప్టెన్ వుల్ఫ్ లార్సెన్ గదిలో డార్విన్ ఉంటాడు, నోట్లో స్పెన్సర్ ఆడుతుంటాడు. శాస్త్రాన్ని పాత్ర చేత పలికిస్తే నాకు చప్పగా ఉంటుంది. కాన్రాడ్ నావికులు సిద్ధాంతం మాట్లాడరు, వాళ్ల కాళ్లూ చేతులూ మాట్లాడతాయి.

విచారణ సంఘానికి కావలసింది వాస్తవాలు. ఎన్ని గంటలకు, ఎక్కడ, ఎవరు. జిమ్ చెప్పాలని తపించేది అవి కాదు, వాటి మధ్యనున్న క్షణం. తాను దూకాడని ఒప్పుకుంటాడు, తానే దూకాడని ఒప్పుకోలేడు. జేమ్స్ కూడా ఇక్కడికొచ్చి ఆగాడు. మనిషి ఆ క్షణంలో ఇంకొంచెం గట్టిగా ప్రయత్నించగలిగేవాడా అన్నది మనస్తత్వశాస్త్రం తేల్చగల ప్రశ్న కాదని నిజాయితీగా రాసేశాడు. తన మటుకు తాను 1870లోనే, తీవ్రమైన కుంగుబాటులో ఉన్న రోజుల్లో, స్వేచ్ఛాసంకల్పం ఉందని నమ్మడమే తన మొదటి స్వేచ్ఛాకార్యమని డైరీలో రాసుకున్నాడు. అది రుజువు కాదు, నిర్ణయం. జిమ్ తన కోసం అలాంటి నిర్ణయం చేసుకోలేకపోయాడు.

అందుకే జిమ్ రేవు తర్వాత రేవు మారతాడు. ఓడలకు సరుకులు అమ్మే దుకాణాల్లో గుమాస్తాగా చేరడం, పాత సంగతి తెలిసినవాళ్లు రాగానే ఉద్యోగం వదిలి ఇంకా తూర్పుకు పోవడం. చివరికి కాన్రాడ్ అతణ్ణి పటుసాన్ అనే మారుమూల అడవి దేశానికి పంపి, వీరుణ్ణి చేసి, చంపేస్తాడు. నవల రెండో సగంలో నాకు మొదటి సగమంత నిజం కనిపించదు. జెడ్డా ఓడలోని అసలు చీఫ్ మేట్, ఆగస్టిన్ పాడ్‌మోర్ విలియమ్స్, అలా పారిపోలేదు. తన కథ అందరికీ తెలిసిన సింగపూరులోనే ఉండిపోయాడు. ఓడలకు సరుకులందించే కంపెనీ గుమాస్తాగా, వచ్చిన ఓడనల్లా ఎక్కి కెప్టెన్ల దగ్గర ఆర్డర్లు రాసుకున్నాడు. పెళ్లి చేసుకుని పెద్ద సంసారం ఈదాడు. 1916లో అక్కడే చనిపోయాడు. ఏళ్ల తరబడి ఆ ఓడల నిచ్చెనలెక్కిన మనిషి మీద కూడా కాన్రాడ్ ఒక నవల రాసి ఉంటే, అలవాటు అధ్యాయం పక్కన పెట్టడానికి దాన్నే ఎంచుకునేవాణ్ణి.