9999 ఆటల పెట్టె

1998 వేసవిలో తెనాలిలోని ఒక గుమాస్తా ఇంటికి టీవీ గేమ్ వచ్చింది. రైసు మిల్లు పనిమీద విజయవాడ వెళ్లిన ఆయన, తిరిగి వచ్చేటప్పుడు బీసెంట్ రోడ్డులోని ఒక దుకాణంలో 800 రూపాయలు పెట్టి దానిని కొన్నాడు. ఆ నెల పాలబాకీ వాయిదా పడింది. పదో తరగతి పరీక్షలు రాసి ఫలితాల కోసం ఎదురుచూస్తున్న కూతురు, ఆరో తరగతి పూర్తిచేసిన కొడుకు అట్టపెట్టెకు చెరోవైపు చేరారు. దాని మీద ఎర్రటి అక్షరాలతో '9999 ఇన్ 1' అని ముద్రించి ఉన్నది. క్యాసెట్లు విడిగా కొననక్కరలేదనీ, ఆటలన్నీ పెట్టె లోపలే ఉన్నాయనీ, రోజుకొకటి ఆడినా ఇరవై ఏడేళ్లు పడుతుందనీ దుకాణదారు చెప్పాడట. నిత్యం లెక్కలు రాసే మనిషికి ఆ లెక్క బాగా నచ్చింది.

యాంటెన్నా తీగను ఊడదీసి, ఆ స్థానంలో పెట్టె తీగను గుచ్చి, టీవీ ఛానెల్ మీటను మెల్లగా తిప్పగా తిప్పగా తెల్లని చుక్కల వాన ఆగింది. నీలిరంగు తెర మీద ఆటల పట్టిక కనిపించింది. ఒక్కొక్క పుటలో కొన్ని పేర్లు, ప్రతి పేరుకు ముందు ఒక సంఖ్య. జాయ్‌స్టిక్ మీటను నొక్కేకొద్దీ పుటలు మారుతూనే ఉన్నాయి. అంతు కనిపించలేదు. ఆ రాత్రి భోజనాల వేళ దాటినా ఎవరూ లేవలేదు.

మొదటి ఆట నుంచి వరుసగా ఆడాలని అక్క నిర్ణయించింది. పాత గళ్ల లెక్కల పుస్తకం ఒకటి తీసి, ఆట సంఖ్య, పేరు, అందులో ఏముందో ఒక వాక్యం రాయసాగింది. తండ్రి మిల్లు నుంచి రాగానే చెప్పులు విడుస్తూ, "ఎన్నో ఆట దాకా వచ్చారమ్మా?" అని అడిగేవాడు. అక్క పుస్తకం చూసి చెప్పేది. ఆయన తల ఊపి కాళ్లు కడుక్కోవడానికి వెళ్లేవాడు.

కొన్ని రోజులకు ఒక కొత్త పేరు కింద మారియో కనిపించాడు. మొదటి ఆటలోనూ అతడే ఉన్నాడు గాని అక్కడ ఆకాశం నీలం, ఇక్కడ నలుపు. ఇది వేరే ఆటేనని తమ్ముడు సంబరపడ్డాడు. పుస్తకంలో 'రాత్రి మారియో' అని రాయించాడు కూడా. తరువాత ఒక సాయంత్రం అక్క మొదటి ఆటను పట్టుదలగా ఆడుతూ రెండు లోకాలు దాటింది. మూడో లోకం మొదలు కాగానే ఆకాశం నల్లబడింది. అదే బాణీ, అదే గోడ, అవే తాబేళ్లు. ఆమె జాయ్‌స్టిక్ కింద పెట్టి పుస్తకం చేతిలోకి తీసుకున్నది.

తరువాతి పది రోజులు వారు ఆటలు ఆడలేదు, ఆటలను పరీక్షించారు. పట్టికలో ఎక్కడెక్కడికో దూకి చూశారు. ఒకచోట మారియో అయిదో లోకం నుంచి మొదలయ్యాడు. మరొకచోట ట్యాంకులు పదో అంకం నుంచి మొదలయ్యాయి. ఇంకొకచోట ఏమీ మారలేదు, పేరు మాత్రమే మారింది. వెయ్యి దాటిన తరువాత పేర్లు కూడా మళ్లీ మళ్లీ వచ్చాయి. 9999 అనేది నాలుగు అంకెల్లో రాయగలిగిన అతి పెద్ద సంఖ్య. ఆ అట్టపెట్టె మీదికి అది ఎక్కడానికి అంతకంటె కారణం ఉన్నట్లు లేదు. అక్క పుస్తకాన్ని తిరగేసి చివరి పుట నుంచి అసలైన ఆటలను మాత్రమే రాస్తూ వచ్చింది. అవి 23 తేలాయి.

"నాన్నకు చెప్పి వెనక్కి ఇచ్చేయిద్దామే" అన్నాడు తమ్ముడు కోపంగా.

"వద్దురా. మిల్లులో అందరికీ చెప్పుకున్నాడు" అన్నది అక్క.

అప్పటి నుంచి ఆ పుస్తకానికి రెండు ముఖాలు ఏర్పడ్డాయి. ముందు వైపు తండ్రి అడిగితే చెప్పవలసిన సంఖ్య. వెనుక వైపు నిజం. "64 నాన్నా", "90 నాన్నా", "118 నాన్నా" అని ఆమె రోజూ చెబుతూనే ఉన్నది. అంతవరకు ఇంట్లో ఒక్క అబద్ధమైనా ఆడి ఎరుగని పిల్ల. ప్రతి సాయంత్రం వీధి గేటు చప్పుడు వినగానే ఆమె గుండె వేగంగా కొట్టుకునేది. అయినా సంఖ్యను ఏరోజుకారోజు కొంచెం పెంచడం మరచిపోలేదు.

మోసం తెలిసిన తరువాతే వారికి ఆ పెట్టెతో నిజమైన పరిచయం కలగడం విశేషం. 9999 ఉన్నాయని నమ్మినన్నాళ్లు ఒక ఆటలో ఓడగానే మరొక ఆటకు పోయేవారు. 23 మాత్రమేనని తెలిశాక ఒక్కొక్కదానినీ అంతు చూడడం మొదలుపెట్టారు. మంచుకొండ ఎక్కే ఆటలో ఒకరు తొందరపడి పైకి పోతే తెర వారితోపాటు జరిగిపోతుంది. కింద ఉన్నవారు పడిపోతారు. ఈ సంగతి తెలియక మొదట్లో పోట్లాడుకున్నారు. తరువాత అక్క ప్రతి మెట్టు మీద ఆగి తమ్ముడి కోసం చూడసాగింది. మారియో ఆటలో ఆకాశంలోని మబ్బులూ నేల మీది పొదలూ ఒకే బొమ్మ అనీ, రంగు మాత్రమే వేరనీ తమ్ముడు కనిపెట్టాడు. అతడి కన్ను పొరపాటు పడలేదు. 1985లో ఆ ఆటను తయారుచేసినవారికి దొరికిన చోటు మొత్తం 40 కిలోబైట్లు. నేడు ఫోనుతో తీసే ఒక్క ఫొటో అంతకంటె ఎన్నో రెట్లు పెద్దది. 32 అంకాలు, సంగీతం, శత్రువులు, నీరు, కోటలు అన్నీ అందులోనే ఇమడాలి. మబ్బుకు వేరొక బొమ్మ, పొదకు వేరొక బొమ్మ గీసే వెసులుబాటు అక్కడ లేదు.

బాతుల వేట ఇద్దరినీ చాలాకాలం వేధించింది. ప్లాస్టిక్ తుపాకీ నుంచి ఏమీ వెలువడదు కదా, బాతు ఎలా పడుతుంది? నిజానికి వెలుగు తుపాకీ నుంచి తెరకు పోదు, తెర నుంచి తుపాకీకి వస్తుంది. మీట నొక్కగానే తెర లిప్తపాటు పూర్తిగా నల్లబడి, ఆ వెంటనే బాతు ఉన్నచోట తెల్లని చతురస్రం మెరుస్తుంది. గొట్టంలోని కన్ను ముందు చీకటినీ తరువాత వెలుగునూ చూస్తే గురి కుదిరినట్లు. తమ్ముడు తెలివిగా దీపం వైపు గురిపెట్టి కాల్చి చూశాడు. దీపం చీకటిని చూపలేదు గనుక బాతు హాయిగా ఎగిరిపోయింది.

ఒకనాటి మధ్యాహ్నం అమ్మ నిద్రపోతుండగా వాడు కుట్టుమిషను స్క్రూడ్రైవరుతో పెట్టెను విప్పాడు. లోపల ఎన్నో యంత్రాలు ఉంటాయనుకున్నాడు. అరచేతి వెడల్పు పలక ఒకటి, దాని నడుమ లక్క ముద్ద వంటి నల్లని బొట్టు. మిగిలినదంతా ఖాళీ. ఆ నల్లని బొట్టు కింద ఉన్నది మాత్రం తక్కువదేమీ కాదు. జపానులో నింటెండో సంస్థ 1983 జూలై 15న 'ఫామికామ్' అనే క్రీడాయంత్రాన్ని విడుదల చేసింది. దేశదేశాల్లో కలిపి అది ఆరు కోట్లకు పైగా అమ్ముడుపోయింది. దాని చిప్పులు చేసే పని మొత్తాన్ని ఒకే చిప్పులో ఇమిడ్చి, అనుమతి లేకుండా తయారుచేసిన చౌక నకళ్లు 1990లలో మన బజార్లకు చేరాయి. పెట్టె నకలే, పేర్లూ నకలే. కాని ఆటలలోని కల్పన అసలైనదే. ఉదాహరణకు, రెండు బుడగలు కట్టుకొని చేతులు ఆడిస్తూ గాలిలో తేలే ఆట ఒకటి ఆ 23లో ఉన్నది. ఫామికామ్ కోసం దానికి ప్రోగ్రాము రాసిన యువకుడు సతోరు ఇవాతా. 2002లో ఆయన నింటెండో సంస్థకే అధ్యక్షుడై, 2015లో మరణించాడు. ఆ సంగతి తెనాలి పిల్లలకు అప్పుడు తెలియదు. మీటను ఆగకుండా నొక్కితే పైకి పోతామనీ, సమంగా విడిచి విడిచి నొక్కితే నిలకడగా తేలుతామనీ, నీటికి దగ్గరగా పోతే చేప మింగుతుందనీ తెలుసు.

అక్క మనసు మాత్రం ట్యాంకుల ఆట మీద నిలిచింది. శత్రువుల ట్యాంకుల నుంచి అడుగున ఉన్న గద్దబొమ్మను కాపాడాలి. అందులోని 35 అంకాలు అయిపోయాక, సొంతంగా రంగాన్ని నిర్మించుకునే ఏర్పాటు కూడా ఉందని ఆమె గమనించింది. అడ్డంగా 13, నిలువుగా 13 గళ్లు. ఇటుక, ఉక్కు, నీరు, చెట్లు, మంచు ఎక్కడ కావాలంటే అక్కడ పరచుకోవచ్చు. ఆమె తమ వీధిని కట్టింది. గద్ద ఉన్నచోట తమ ఇల్లు. కుడివైపున నిలువునా కాలువ. నీటిని ట్యాంకు దాటలేదు గాని గుండు దాటుతుంది. కాలువ గట్టున చెట్లు. వాటి కింద ట్యాంకు దాగితే కనిపించదు. మిల్లు గోడకు ఉక్కు పెట్టింది. అంతా పూర్తయ్యేసరికి కరెంటు పోయింది. తిరిగి వచ్చేసరికి వీధి లేదు. ఆ పెట్టెకు జ్ఞాపకం పెట్టుకునే శక్తి లేదు. ఆమె ఏడవలేదు. గళ్ల పుస్తకం తెరిచి, వెనుక వైపున 13 గళ్ల చతురస్రం గీసి, గుర్తున్నంత మేరకు వీధిని అందులో నింపింది. ఆ వేసవిలో కరెంటు పోని రోజు లేదు. ఆ వీధిని ఎన్నిసార్లు కట్టిందో లెక్కలేదు.

జూన్‌లో ఆమె కాలేజీలో చేరింది. మరుసటి ఏడు అడాప్టరు కాలిపోయింది. పెట్టె అటకెక్కింది. తండ్రికి ఆమె చివరగా చెప్పిన సంఖ్య 412.

2019 సంక్రాంతికి అమెరికా నుంచి వచ్చిన తమ్ముడు అరచేతిలో ఇమిడే ఒక పెట్టె తెచ్చాడు. నింటెండో సంస్థ తన పాత యంత్రాన్నే బొమ్మంత చేసి 2016 నవంబరులో విడుదల చేసింది. కొన్ని నెలలకే తయారీ ఆపి, 2018లో మళ్లీ అమ్మింది. క్యాసెట్ పెట్టే చోటు లేదు, ఆటలన్నీ లోపలే. ప్రతి ఆటకు నాలుగు చోట్ల ఆగి, ఆగినచోటి నుంచి మళ్లీ ఆడే వీలు ఉన్నది. ఒక జాయ్‌స్టిక్ పెట్టెతో వస్తుంది, రెండోది విడిగా కొన్నాడు. వాటి తీగ రెండున్నర అడుగులకు మించి లేకపోవడం వింతే. గుంటూరులో లెక్కల ఉపాధ్యాయురాలిగా పనిచేస్తున్న అక్క పట్టికంతా వెదికింది. మారియో ఉన్నాడు, మంచుకొండ ఉన్నది, బుడగలు ఉన్నాయి. బాతుల వేట లేదు. ఉన్నా ఇప్పటి పలక టీవీల ముందు ఆ తుపాకీ పనికిరాదు. ట్యాంకులు కూడా లేవు.

మిల్లు ఉద్యోగం నుంచి విరమించిన తండ్రి కళ్లద్దాలు సవరించుకొని అట్టపెట్టె మీది అక్షరాలు చదివాడు.

"ముప్పయ్యేనా?"

"ముప్పై నాన్నా. అన్నీ వేరువేరు" అన్నాడు తమ్ముడు.

"అయితే మేలే. మనదాంట్లో ఇరవై మూడే కదమ్మా" అన్నాడాయన కూతురి వైపు తిరిగి.

ఆమె కొంతసేపు మాట్లాడలేదు. "నీకెలా తెలుసు నాన్నా?" అన్నది చివరికి.

"పుస్తకం వెనక నుంచి తిప్పి చూడటం గుమాస్తా అలవాటు. జమలూ ఖర్చులూ ముందు రాస్తారు, బాకీలు చివర ఉంటాయి."

"మరి రోజూ ఎందుకు అడిగావు?"

"అడగడం మానేస్తే నాకు తెలిసిపోయిందని మీకు తెలిసిపోదూ?" అని ఆయన అట్టపెట్టెను బల్ల మీద పెట్టాడు. "మన వీధి బాగా గీశావు. మిల్లు గోడ ఒక గడి ఎక్కువైంది."

తీగ చాలక కుర్చీని టీవీకి బాగా దగ్గరగా జరపవలసి వచ్చింది. అక్క బుడగల ఆటను ఎంచుకొని రెండో జాయ్‌స్టిక్ తండ్రి చేతికి ఇచ్చింది. మీటను ఎలా నొక్కాలో తమ్ముడు చెబుతూనే ఉన్నాడు. ఆయన నిమిషంసేపు తేలి, నీటి మీదికి దిగగానే చేప మింగింది. "మళ్లీ పెట్టరా" అన్నాడాయన.