ఈదా చోకో: సహాయపాత్రలో ఒక నటనాజీవితం

నాటకసాహిత్యాన్ని బోధించేవారికి పతాక, ప్రకరి అనే మాటలు నిత్యపరిచితాలు. ప్రధానేతివృత్తంతోపాటు చాలాదూరం నడిచేది పతాక. కొంత సాగి ఆగిపోయేది ప్రకరి. కథాంశాలకు చెప్పిన ఈ భేదం నటుల జీవితాలకు వర్తిస్తుందా అన్న ప్రశ్న నాకు జపాన్ తొలినాటి చిత్రాలు చూస్తున్నప్పుడు కలిగింది. ఒక్కొక్క చిత్రంలో ప్రకరిగా కనిపించి తప్పుకొనే నటి, ఆ చిత్రాలను వరుసగా చూసినవారికి పతాకగా తోచవచ్చు. ఈదా చోకో విషయంలో నాకు కలిగిన అనుభవం అదే.

1897లో తోక్యోలో జన్మించిన ఈమె 1920ల తొలినాళ్ళలో షోచికు సంస్థవారి కమాతా స్టూడియోలో చేరింది. ఆమెకు దక్కినవి తల్లులు, ఇరుగుపొరుగు స్త్రీలు, పూటకూటింటి యజమానురాళ్ళు. అది మూకీల కాలం. తెర ప్రక్కన నిలిచి కథ వినిపించే 'బెన్షి'యే అన్ని పాత్రలకూ గొంతు ఇచ్చేవాడు. నాయికకైనా సమీపదృశ్యాలు ఉంటాయి; సహాయనటికి మిగిలేవి చేతులు, వీపు, నడక. భూకంపం, యుద్ధం, నిర్లక్ష్యం కలిసి ఆ కాలపు చిత్రాలలో అధికభాగాన్ని నాశనం చేశాయి. నాయికల గురించి పత్రికల్లోనైనా రాతలు మిగిలాయి. సహాయనటుల శ్రమలో చాలా భాగం తారాగణపు పట్టికలో ఒక పేరుగా మాత్రమే నిలిచింది.

ఈదా మనకు దక్కడానికి ముఖ్యకారణం దర్శకుడు ఓజు యసుజిరో. 1934 నాటి 'ఉకిగుసా మొనొగతారి'లో ఆమె, దేశదిమ్మరి నాటకసమాజపు నాయకునికి కొడుకును కని, తండ్రిని మేనమామగా చెప్పి పెంచిన స్త్రీ. మరుసటి ఏడు 'తోక్యో నో యాదో'లో నిరుద్యోగికి పని చూపించే పరిచయస్థురాలు. 1936లో 'హితోరి ముసుకో' (ఒక్కగానొక్క కొడుకు)లో పట్టుమిల్లు కార్మికురాలు. మూడు పాత్రలు వేరు. పేరు మాత్రం ఒకటే, ఒత్సునే. ఈ పునరుక్తిని దర్శకుని అలవాటుగా కొట్టివేయలేను. ప్రేక్షకునికి అప్పటికే పరిచయమైన ముఖానికి ఒక ఇంటిపేరు పెట్టినట్లున్నది.

'హితోరి ముసుకో' ఓజు తొలి మాటల కథాచిత్రం. దాని శబ్దగ్రహణ విధానాన్ని రూపొందించిన మొహారా హిదేయో, ఓజుకు చిరకాల ఛాయాగ్రాహకుడు. ఈదాకు భర్త కూడా. సంస్థ అప్పటికే ఓఫునాకు తరలిపోగా, ఖాళీ అయిన కమాతాలో, రైళ్ళ రొద తగ్గిన రాత్రివేళల్లో చిత్రీకరణ సాగించారు. పొలమూ ఇల్లూ అమ్మి కొడుకును చదివించిన తల్లి, తోక్యో వచ్చి అతడు రాత్రిబడి పంతులుగా మిగిలాడని తెలుసుకొంటుంది. అతడామెను ఒక జర్మన్ టాకీకి తీసుకొనిపోతాడు. ఆమె కునికిపాట్లు పడుతుంది! మాటల యుగంలోకి అడుగుపెడుతూ ఓజు తన ముఖ్యనటిని టాకీ ముందు నిద్రపుచ్చడం చమత్కారమే. కాని ఆ నిద్రలో పరిహాసం కన్నా అలసట ఎక్కువ.

ఆమెకు అప్పటికి 39 ఏళ్ళు. కథానాయిక స్థానం దక్కినా నటనలో అధికారం ప్రదర్శించదు. ఎదుటివారి మాటకు చోటిచ్చి, విన్న తరువాత కదలడం ఆమె పద్ధతి. ఏళ్ళ తరబడి ఇతరుల కథల్లో నిలబడినవారికే అబ్బే శ్రవణగుణమిది. ఊరికి తిరిగివచ్చి, కొడుకు గొప్పవాడయ్యాడని తోటి కార్మికురాలితో చెబుతుంది. తరువాత మిల్లు వెనుకకు వచ్చి ఒంటరిగా కూర్చుంటుంది. అంతవరకు నిటారుగా నిలిచిన వీపు అక్కడ వాలిపోతుంది. మూకీలు నేర్పిన వీపు అది. ఇక్కడ సహాయనటి అన్న మాట నాకు ఇబ్బంది కలిగిస్తుంది: ఎవరికి సహాయం?

1947లో 'నగయా షిన్షిరోకు'లో, తన గుమ్మంలో దిగబడిన పిల్లవాణ్ణి విసుక్కొంటూనే దగ్గరకు తీసే విధవరాలిగా మళ్ళీ ప్రధానపాత్ర వచ్చింది. తరువాత ఆమె యథాస్థానానికి వెళ్ళింది; మరుసటి ఏడు కురోసావా చిత్రంలో వైద్యుని ఇంటి ముసలి పనిమనిషి. 1961లో మొదలైన 'వాకదాయిషో' చిత్రమాలలో ఆమె యువనాయకుని నాయనమ్మ. ముప్పైలలోనే ముసలితనాన్ని అరువు తెచ్చుకొన్న నటికి, పాత్ర వయస్సూ తన వయస్సూ అప్పటికి కలిశాయి. 1972లో మరణించింది.