ఒకే ఊరు, మూడు పేర్లు

మా నాన్న పుట్టింది భీమిలిలో. పాస్‌పోర్టులో మాత్రం భీమునిపట్నం అని ఉంటుంది. తాతయ్య దాచిన నాన్న స్కూలు సర్టిఫికెట్‌లో ఏమో బిమ్లిపటం! అమ్మానాన్నల్ని నేనుండే డల్లాస్‌కి తీసుకెళ్దామని కాగితాలు పెడితే, పుట్టిన ఊరు మ్యాచ్ కావట్లేదని వెనక్కి పంపేశారు. రోజూ ఆఫీసులో ఇలాంటి ఎర్రర్లు సరిచేసే నాకు, ఈసారి ఎర్రర్ మా నాన్న అన్నమాట.

అందుకే సెలవుల్లో వచ్చినప్పుడు ఇద్దరం బండి మీద బయల్దేరాం. వైజాగ్ నుంచి బీచ్ రోడ్డులో పాతిక కిలోమీటర్లు ఉంటుందేమో. రుషికొండ దాటాక కుడివైపు సముద్రం, ఎడమవైపు కొండలు. దారి పొడుగునా నాన్న పెద్దగా మాట్లాడలేదు.

గోస్తని నది సముద్రంలో కలిసేచోట ఉంది ఊరు. టీ కొట్టు దగ్గర ఓ పెద్దాయన్ని పేరు గురించి అడిగా. "ఏటి బాబూ, భీముడి పట్నం కాబట్టి భీమునిపట్నం. బకాసురుణ్ణి చంపింది ఇక్కడే కదేటి!" అన్నాడు. ఆ పాపం పోవడానికే భీముడు కొండ మీద నరసింహస్వామిని నిలిపాడట. ఆ కొండ పావురాళ్లకొండ. నిజానికి దాని మీద బౌద్ధ విహారం శిథిలాలూ, రాతిలో తొలిచిన నీటి తొట్లూ ఉన్నాయి. అంటే భీముడి కథ చెప్పుకునే కొండ మీదే ఒకప్పుడు బౌద్ధ భిక్షువులు ఉండేవారు.

పట్నం అంటే మన తీరంలో ఓడలు ఆగే ఊరు. మచిలీపట్నం, విశాఖపట్నం అలా వచ్చినవే. 17వ శతాబ్దంలో డచ్చివాళ్లు ఈ రేవులోనూ వ్యాపారానికి దిగారు. వాళ్ల సమాధులు ఇప్పటికీ బీచ్ దగ్గరే ఉన్నాయి. 1825లో ఊరు ఇంగ్లీషువాళ్ల చేతికొచ్చింది. వాళ్ల నోట్లో మచిలీపట్నం మసూలిపటం అయినట్టే, ఇదీ బిమ్లిపటం అయింది. 1861లోనే మున్సిపాలిటీ కూడా.

నాకు భలే నచ్చింది మాత్రం ఇది. ఇక్కణ్ణుంచి ఓడలెక్కిన గోగునారకి విదేశీ మార్కెట్లో పేరు బిమ్లిపటం జూట్, ముద్దుగా బిమ్లి. మనం పచ్చడి చేసుకునే గోంగూర చుట్టమే ఆ మొక్క! మనం మర్చిపోయిన పేరు ఒక నారకి ఇంకా మిగిలే ఉంది.

ఇక భీమిలి అంటారా, అది ఊళ్లోవాళ్లు నోటితో అరగదీసుకున్న పేరు. నాని సినిమా 'భీమిలి కబడ్డీ జట్టు' వచ్చాక మీకూ ఆ పేరే తెలిసుంటుంది. బస్సు బోర్డు మీదా అదే.

గడియార స్తంభం దాటాక నోటరీ ఆయన దొరికాడు. భీమునిపట్నం, బిమ్లిపటం రెండూ ఒకే ఊరని అఫిడవిట్ టైపు చేశాడు. సంతకం పెట్టబోతూ నాన్న ఆగి, "భీమిలి అని కూడా వెయ్యండి" అన్నారు.

"మీ కాగితాల్లో ఎక్కడా లేదు కదండీ, దేనికి?"

"మా అమ్మ ఆ పేరే అనేది."

ఆయన నావైపు చూశాడు. నేనేం మాట్లాడలేదు. మళ్లీ టైపు చేసి ఇచ్చాడు, ఎక్స్‌ట్రా డబ్బులు తీసుకోలేదు.

మూడు పేర్లతో అప్లికేషన్ మళ్లీ పెట్టాం. జవాబు ఇంకా రాలేదు.