పేరుకి అర్థం ఏ సైట్లో ఉంది?

ఈ మధ్య మా బంధువుల్లోగానీ, ఆఫీసులోగానీ ఎవరింట్లో పిల్లలు పుట్టబోతున్నా నాకో ఎక్సెల్ షీట్ వస్తోంది. మొదటి కాలమ్‌లో పేరు, రెండో దాంట్లో అర్థం, మూడో దాంట్లో "సంస్కృతం". ఒక సైటు నుంచి ఇంకో సైటు కాపీ కొట్టినవే అన్నీ. మూలం మాత్రం ఎక్కడా ఉండదు.

మొన్న మా చెల్లెలు డాలస్ నుంచి పంపింది. పాపకి "అనయ" అట, అర్థం "సంరక్షణ" అట. సంస్కృతంలో నయం అంటే నీతి, మంచి నడవడి. ముందు "అ" చేరిస్తే అనయం, అంటే చెడు నడత, ఆపద. మన కావ్యాల్లో "అనయము" అంటే ఎల్లప్పుడూ అని ఇంకో అర్థం కూడా ఉందనుకోండి. అరబ్బీలో "ఇనాయా" అంటే శ్రద్ధ, సంరక్షణ. బహుశా ఆ అర్థాన్ని తెచ్చి ఈ పేరుకి అతికించి ఉంటారు.

ఇదే చెప్తే "ఆర్నెల్లు వెతికి పెట్టుకున్నాం అన్నయ్యా" అని ఫోన్ పెట్టేసింది. రెండ్రోజులు మాటల్లేవు. మూడో రోజు "ఎక్కడ చూశావో లింకు పంపు" అని మెసేజ్!

మిగతావీ అంతే. "ఆరవ్" అంటే ప్రశాంతం అని రాస్తారు. ఆరవం అంటే అరుపు, ధ్వని. కలరవంలో ఉన్న రవమే ఇదీను. "అద్విక్" అంటే సాటిలేనివాడట. ఆ అర్థమిచ్చే మాట అద్వితీయుడు. "రేయాంశ్" కాంతి కిరణమట. తెలుగులో రేయి అంటే రాత్రి కదండీ బాబూ!

మా గుంటూరు, ప్రకాశం వైపు పాత పేర్లకి ఈ గొడవ లేదు. కోటయ్య, కోటేశ్వరమ్మ అంటే నరసరావుపేట దగ్గర కోటప్పకొండ త్రికోటేశ్వరుడి పేరు. మస్తానరావు, మస్తానమ్మ అనే పేర్లు హిందువుల ఇళ్ళలోనూ వినిపిస్తాయి. గుంటూరులో కాలే మస్తాన్ షా ఔలియా దర్గా ఉంది. పారశీకంలో "మస్త్" అంటే మత్తులో ఉన్నవాడు. ఇక్కడ భక్తిలో మైమరచినవాడన్నమాట.

"మరి పెంటయ్య అనే పేరు మాటేమిటి?" అంటారా? వరసగా బిడ్డలు పోతుంటే, ఈసారి పుట్టినవాణ్ణి పెంట మీద పడుకోబెట్టి తీసుకొచ్చి, మృత్యువు కన్ను పడకుండా పెట్టుకున్న పేరది. వినడానికి ఎలా ఉన్నా, పెట్టినవాళ్ళకి దాని అర్థం తెలుసు. నా అభ్యంతరం చెడ్డ అర్థాల మీద కాదు, తప్పుడు అర్థాల మీద. మిర్చి యార్డులో కాయ విరిచి చూడందే టిక్కీ కొనరు. పత్తి విత్తనాల ప్యాకెట్ మీద లాట్ నంబరు చూడందే మా నాన్న డబ్బులివ్వడు. నూరేళ్ళు మోయాల్సిన పేరుకి ఆమాత్రం పరీక్ష వద్దా?

పెద్ద పనేం కాదు. ముందు అది ఏ భాష మాటో తేల్చుకోండి. తెలుగైతే ఆంధ్రభారతి సైట్లో శబ్దరత్నాకరం, సూర్యరాయాంధ్ర, బ్రౌన్ నిఘంటువులన్నీ ఒకేచోట వెతకొచ్చు. సంస్కృతమైతే మోనియర్ విలియమ్స్ (1899), ఆప్టే నిఘంటువులు నెట్‌లో ఉచితం. అక్కడ లేకపోతే కొత్తగా కల్పించిన పేరు కావొచ్చు. పెట్టుకోండి, తప్పేం లేదు, కానీ "ప్రాచీన సంస్కృత నామం" అని మాత్రం చెప్పుకోకండి. తొందర కూడా లేదు. మన దేశంలో ముందు పేరు లేకుండానే జననం నమోదు చేయించి, ఏడాదిలోపు పేరు చేర్పించుకోవచ్చు.

నచ్చిన పేరు పెట్టుకోవడం మీ ఇష్టం. కానీ "నాన్నా, నా పేరుకి అర్థమేంటి?" అని వాళ్ళు అడిగే రోజు ఒకటొస్తుంది. ఆ రోజుకి ఈ సైట్లుంటాయో లేదో. జవాబు చెప్పాల్సింది మాత్రం మీరే.