వలసవోయిన హాకీ కఱ్ఱ

మన పాలమూరు సీమలో వలస యను మాట యెఱుగని యిల్లు లేదు. 2016వ సంవత్సరమున గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు పట్టణములు వేర్వేఱు జిల్లాలకు ముఖ్యస్థానములైనవి గాని, అంతకు మున్ను అవన్నియు మహబూబునగరు జిల్లాలోనివే. వాని కష్టసుఖములు నేటికిని ఒక్కటియే. వానలు మొగము చాటువేసిన యేట గుంపు మేస్త్రీ యిచ్చిన బయానా పుచ్చుకొని, ముసలివారిని ఇంటికి కావలియుంచి, చంటిబిడ్డలను చంక నిడుకొని, మనవారు పుణెకును బొంబాయికిని తరలుట తరతరముల కథ. దేశమున ఎన్నియో ఆనకట్టలకు మట్టి మోసినవారిలో పాలమూరు కూలీలు కలరు. కావున పుట్టిన యూరు విడిచి పరాయి యూరికై శ్రమించుట యననేమో మన విద్యార్థులు నిఘంటువు చూచి తెలిసికొనవలసిన పని లేదు.

ఈ వ్యాసమున మేము చెప్పబూనినది ఆ కూలి వలసను గుఱించి గాదు. చేత నొక ఆటను బట్టుకొని దేశాంతరము వోయినవారిని గుఱించి, చేరిన దేశము పక్షమున ఆడినవారిని గుఱించి. ఇట్టి విషయ మేల యెత్తుకొంటిమని చదువరు లడుగవచ్చును. కారణము చెప్పెదము. మా బడి వెనుక మొరము నేలపై, వెదురు బొంగులు పాతిన గోళ్ల నడుమ, సాయంకాలము కడపటి గంట మ్రోగిన పిమ్మట బాలికలు హాకీ యాడుదురు. వారి యాట చూచుట మాకు నిత్యకృత్యము. గడచిన యేడు దీపావళి యైన పిదప ఎనిమిదవ తరగతి బాలిక యొకతె తలిదండ్రులతో పుణెకు పోవుటకు సిద్ధమై, బదిలీ పత్రమునకై మా యొద్దకు వచ్చి, కొంత తడవు ఊరక నిలిచి, “సారూ, ఆడికి పోయినంక నేను ఆ బడి దిక్కు ఆడి మన బడిని ఓడగొడితే తప్పయితదా?” యని యడిగెను.

పుణెలోని బడి మా బడితో పోటీకి వచ్చుట కలలోని మాట. అయినను ప్రశ్న మాత్రము మిగుల గంభీరమైనది. పుట్టినచోటిపై గెలుచుట ద్రోహమా? ఈ ప్రశ్నను పెద్ద మైదానములలో, వేలకొలది జనుల యెదుట, నిజముగా నెదుర్కొనిన కుటుంబ మొకటి కలదు. వారి కథ మన దేశముననే మొదలైనది.

హాకీ యాట నేటి రూపమును ఇంగ్లాండున దాల్చి, పటాలములతోను, రైలు మార్గములతోను, బడులతోను మన దేశమునకు వచ్చెను. ఇంగ్లీషు రక్తమును భారతీయ రక్తమును కలిసిన ఆంగ్లో-ఇండియను కుటుంబములు దీనిని తమ యింటి యాటగా జేసికొనినవి. 1928లో ఆమ్‌స్టర్‌డాము ఒలింపిక్కులలో మన దేశమునకు తొలి హాకీ స్వర్ణపతకము దెచ్చిన జట్టున వారు పెక్కుండ్రుండిరి. ఆ జట్టు నాయకుడు ఛోటానాగపూరు ఆదివాసి బిడ్డయగు జైపాల్ సింగు. మన సికింద్రాబాదు, కాజీపేట రైల్వే కాలనీలలోను ఆంగ్లో-ఇండియను కుటుంబములు కాపురముండెడివి. మధ్యప్రదేశమందలి జబల్పూరు గూడ పటాలమును, ఫిరంగి బండ్ల కర్మాగారమును, రైలు కూడలియు గల పట్టణము. పియర్సు కుటుంబమువారిది ఆ యూరు. ఎరిక్ పియర్సు అచ్చటనే 1931లో పుట్టెను. సెసిల్, మెల్, గోర్డన్, జూలియన్ అనువారు అతని సోదరులు.

1947లో మనకు స్వాతంత్ర్యము వచ్చినది. దొరతనమువారి కొలువులపై బ్రదికిన ఆంగ్లో-ఇండియనులకు మాత్రము రేపటి దినమెట్లుండునో యను బెంగ పట్టుకొనెను. పలువురు ఇంగ్లాండు, కెనడా, ఆస్ట్రేలియా దేశములకు తరలిరి. పియర్సు కుటుంబము ఆస్ట్రేలియా పడమటి తీరమున నున్న పెర్తు నగరమును జేరెను. ఆ దినములలో ఆ దేశపు వాకిలి అందఱికిని తెఱచియుండలేదు. తెల్లవారికే చోటను నీతి అచ్చటి పాలనలో నుండెను. యూరోపియను వంశము హెచ్చుగా గలదని చూపుకొనగలిగిన ఆంగ్లో-ఇండియనులకు ప్రవేశము దొరకెను గాని, మన వంటివారికి అది దుర్లభము. వర్ణమును బట్టి వలసవచ్చువారి నేఱుకొను పద్ధతి 1973 నాటికి గాని పూర్తిగా తొలగలేదు. ఈ మాట దాచి ఆ దేశమును పొగడుట న్యాయము గాదు. ఆ వాకిలి దాటిన పియర్సు సోదరులకు క్రొత్త యూర పరిచయపత్రమై నిలిచినది వారి చేతి హాకీ కఱ్ఱ.

ఐదుగురు సోదరులును ఆస్ట్రేలియా పక్షమున ఆడిరి. ఒక్క తల్లి బిడ్డలైదుగురు ఒక్క దేశపు జట్టున ఆడుట ఏ క్రీడలోనైనను అరుదైన విషయము. ఆస్ట్రేలియా హాకీ జట్టు ఒలింపిక్కులలో అడుగిడినదే 1956లో, మెల్బోర్ను నగరమున. ఎరిక్ ఆ సంవత్సరము మొదలుకొని 1960, 1964, 1968 సంవత్సరములలోను, వెరసి నాలుగు ఒలింపిక్కులలో ఆడెను. అప్పటికి హాకీ యనిన భారతదేశము, భారతదేశమనిన హాకీ. 1928 మొదలు 1964 వఱకు జరిగిన ఎనిమిది ఒలింపిక్కులలో మనవారు ఏడు స్వర్ణములను, ఒక రజతమును గెలిచిరి. అట్టి జట్టు, అందును తాను పుట్టిన దేశపు జట్టు, మూడు పర్యాయములు ఎరిక్ జట్టునకు ఎదురు నిలిచినది.

1960లో రోము నగరమున క్వార్టరు ఫైనలులో భారతదేశము 1–0గా గెలిచినది. 1964లో టోక్యోలో సెమీఫైనలున మరల భారతదేశమే 3–1గా గెలిచి, పిదప స్వర్ణమును గైకొనెను. ఆస్ట్రేలియాకు కాంస్యము దక్కెను. 1968లో మెక్సికో నగరమున మరల సెమీఫైనలు. నిర్ణీతకాలమున తేలక అదనపు సమయము వఱకు సాగిన ఆ యాటలో ఆస్ట్రేలియా 2–1గా గెలిచినది. ఫైనలులో పాకిస్థానుతో 2–1గా ఓడి రజతము పొందెను. భారతదేశము కాంస్యముతో తృప్తిపడవలసి వచ్చెను. ఒలింపిక్కులలో మన హాకీ జట్టు మొదటి రెండు స్థానములకు దిగువకు జాఱుట అదియే తొలిసారి. ఒలింపిక్కు హాకీలో అడుగిడిన పండ్రెండేండ్లకే ఆస్ట్రేలియా ఇంత యెత్తున కెక్కినది.

ఆ యెదుగుదలలో మన దేశపు పాలు కొంత కలదు. హాకీ కఱ్ఱకు ఒక ప్రక్క మాత్రమే చదును. ఆ ప్రక్కతోనే బంతిని తాకవలెనని నియమము. బంతిని దూరముగా మోదుట బలము గలవాని పని. బంతిని కఱ్ఱకంటియున్నట్లు నడిపించుచు, మణికట్టు త్రిప్పుచు, పొట్టి పాసులతో ఎదుటివారి నడుమ దూఱుట భారతీయుల విద్య. ఇక్కడినుండి పోయిన కుటుంబములు ఆ విద్యను వెంట గొనిపోయినవి. ఓడలో సామాను తూచి పన్ను వేయుదురు గాని, చేతివ్రేళ్లలో దాగిన విద్యను తూచు త్రాసు ఏ రేవునను లేదు.

ఇంతవఱకు చెప్పినది అన్నదమ్ముల కథ. ఆడుబిడ్డల మాట యేమని మా విద్యార్థినులు అడుగుదురు. పురుషుల హాకీ 1908లోనే ఒలింపిక్కులలో చేరినను, స్త్రీల హాకీకి 1980లో, మాస్కో నగరమున గాని చోటు దొరకలేదు. ఆ యేడు భారత స్త్రీల జట్టు నాలుగవ స్థానమున నిలిచెను. తరువాతి ఒలింపిక్కులు 1984లో లాస్ ఏంజెలెసున జరిగినవి. ఆస్ట్రేలియా స్త్రీల జట్టులో ఎరిక్ కూతురు కొలీన్ పియర్సు ఆడెను. జబల్పూరు నుండి పోయిన హాకీ కఱ్ఱ ఒక తరము దాటి కూతురి చేతికి వచ్చినది.

ఆ యేటి పోటీలో ఆస్ట్రేలియాకు ఎదురునిలిచిన అమెరికా స్త్రీల చేతికి హాకీ కఱ్ఱ యెట్లు వచ్చెనో గూడ చెప్పవలెను. అదియు వలస కథయే. 1873లో ఇంగ్లాండున పుట్టిన కాన్‌స్టెన్స్ ఆపిల్‌బీ యను వ్యాయామోపాధ్యాయిని 1901లో హార్వర్డు విశ్వవిద్యాలయమున వేసవి తరగతులకై అమెరికా వెళ్లెను. అచ్చటి యువతుల వ్యాయామమని చెప్పబడిన ఆటలను గూర్చి విని, అవి విందులలో ఆడుకొను ఆటలనియు, వ్యాయామమునకై తాము హాకీ యాడుదుమనియు ఆమె పలికినట్లు చెప్పుదురు. దొరకిన కఱ్ఱలతోనే అచ్చటి పెరటిలో ఆట నాడించి చూపెను. తరువాత వాసర్ మొదలగు స్త్రీల కళాశాలలు ఆమెను పిలిచినవి. 1904 నుండి బ్రిన్‌మార్ కళాశాలలో పెక్కేండ్లు నేర్పెను. 1923లో పెన్సిల్వేనియా కొండలలో బాలికలకై హాకీ శిబిరము నెలకొల్పెను. నేటికిని అమెరికాలో హాకీ ముఖ్యముగా స్త్రీల క్రీడ. ఆమె తుదకు స్వదేశము చేరి 1981లో, 107 ఏండ్ల వయస్సున, కన్నుమూసెను.

ఆమె గతించిన మూడేండ్లకు లాస్ ఏంజెలెసు పోటీ వచ్చినది. ఆఱు జట్లును ఒండొరులతో నాడిన పిదప స్వర్ణము హాలెండునకును, రజతము పశ్చిమ జర్మనీకిని పోయెను. కాంస్యమునకు మాత్రము ఆస్ట్రేలియాయు అమెరికాయు సమముగా నిలిచినవి. కడపటి యాటలో హాలెండుతో ఓడి అలసియున్న ఆస్ట్రేలియా స్త్రీలు మైదానముననే నిలువగా, ప్రేక్షకుల నడుమ కూర్చున్న అమెరికా స్త్రీలు క్రిందికి దిగివచ్చిరి. పెనాల్టీ స్ట్రోకులతో తీర్పు జరిగెను. గోలు కీపరొకతె, కొట్టునది యొకతె. నడుమ అడ్డు లేదు. అమెరికా 10–5గా గెలిచినది. ఒక వంక జబల్పూరు నుండి పెర్తు చేరిన కుటుంబపు ఆడుబిడ్డ గల జట్టు, ఒక వంక ఇంగ్లాండు నుండి వచ్చిన యొక ఉపాధ్యాయిని నాటిన విత్తనపు పంట. వలసవోయిన రెండు విద్యలు మూడవచోట ఎదురెదురుగా నిలిచినవని మేము తలంతుము. కొలీన్‌కు పతకము రాలేదు. అయినను నాలుగవ స్థానమున నిలిచినవారి శ్రమ మూడవవారి శ్రమకు తీసిపోదు.

ఇక మొదటి ప్రశ్నకు వత్తము. ఉప్పు తిన్న యింటికి రెండు తలంపరాదని మన పెద్దల మాట. పుట్టిన దేశపు టుప్పు తిన్నవాడు దానినెట్లు ఓడించునని కొంద ఱందురు. మేమట్లు తలంపము. 1968లో ఎరిక్ జట్టు భారతదేశమును జూచి జాలిపడి చేయి సడలించియుండిన ఏమగును? నమ్మి చోటిచ్చిన క్రొత్త దేశమునకు అది మోసము. పుట్టిన దేశమునకో, అది భిక్ష. భారత హాకీ భిక్ష నడిగినది గాదు. నేర్పినవారి ఋణము తీరుట నేర్చినదానిని పూర్ణముగా ఆడుటవలననే. కుస్తీ గోదాలో శిష్యుడు గురువునే పడవేసిన దినమున గురువు దుమ్ము దులుపుకొని లేచి శిష్యుని వీపు తట్టును. తట్టనివాడు గురువు గాడు. ద్రోహమనునది గెలుచుటలో లేదు. ఎక్కడినుండి వచ్చితిమో చెప్పుకొనుటకు సిగ్గుపడుటలో నున్నది. పుణెకు పోవు మన బిడ్డలు అచ్చటి బడికై గెలువవలెను. ఎవరైన నడిగిన, పాలమూరు మొరము నేలపై నేర్చితిమని చెప్పవలెను.

ఈ ధర్మమునకు రెండవ ముఖము గూడ కలదు. మనవారు పోవుచున్నట్లే మన యొద్దకును వచ్చువారు కలరు. తెలంగాణములోని ఇటుక బట్టీలకు పశ్చిమ ఒడిస్సా నుండి కుటుంబములు ఏటేట వచ్చుచున్నవి. ఆ రాష్ట్రమందలి సుందరగఢ్ జిల్లా ఆదివాసి పల్లెల నుండి భారత స్త్రీల హాకీ జట్టునకు ఎందఱో ఆటకత్తెలు వచ్చిరి. బట్టీ ప్రక్క దుమ్ములో కూర్చున్న బాలికకు తెలుగు రాదని, చీర కట్టు వేఱని, నవ్వుట తగదు. విద్యార్థినులారా! ఆమెను పిలిచి చేతికి కఱ్ఱ నిండు. బంతికి భాష లేదు. పెర్తు నగరము పియర్సు సోదరులకు ఇచ్చిన చోటును మన మైదానము ఆమె కీయకున్న, మన బిడ్డలకు పుణెలో చోటు కావలెనని మన మెట్లడుగగలము?

తలిదండ్రులకు ఒక్క మనవి. చిత్తూరు సీమలోని ఎనుమలవారిపల్లె యను చిన్న గ్రామమున పుట్టిన ఎతిమరపు రజని భారత స్త్రీల జట్టునకు గోలు కీపరైనది. పల్లెటూరి తెలుగు బాలికకు ఈ యాట అందనిది గాదనుటకు వేఱు సాక్ష్యమక్కఱలేదు. ఎండకు నల్లబడుననియు, పెండ్లికి ఆటంకమనియు బాలికల యాట మాన్పింపకుడు. ఊరు విడువవలసి వచ్చినపుడు చదువు నడుమ తెంపక బదిలీ పత్రము వ్రాయించుకొనుడు. క్రొత్త బడిలో పేరు వ్రాయించు దినమున, మా బిడ్డకు లెక్కలు వచ్చును, తెలుగు వచ్చును అని చెప్పునట్లే, హాకీ గూడ వచ్చునని అచ్చటి ఉపాధ్యాయులతో చెప్పుడు. మూటలో బియ్యమునకును గిన్నెలకును చోటు చేయువారు ఒక కఱ్ఱకు చోటు చేయుట కష్టము గాదు.